రోజంతా ఒకే గదిలో, ఒకేసారి: ఈ యంత్రం లెక్క ఎక్కడ తప్పుతుంది?

పెన్నుమూత:

సైన్స్ ఫిక్షన్ పెద్దకథ ఒకటి నడుస్తోంది. అందులో 'సమకాలి' అని ఒక యంత్రం. పొడవు, వెడల్పు, ఎత్తు మూడేసి మీటర్లున్న ఉక్కు గది. మీట నొక్కితే ఆ రోజు అర్ధరాత్రి నుంచి మళ్లీ అర్ధరాత్రి దాకా ఆ గదిలోని క్షణాలన్నీ ఒకేసారి ఉనికిలోకి వస్తాయి. లోపల మంచం, బల్ల, దీపం, బల్ల మీద గాజు గ్లాసు. గ్లాసును ఉదయం 9కి పెడతారు, మధ్యాహ్నం 3కి కిందపడి పగులుతుంది. ముక్కలు ఎవరూ ఎత్తరు. కథానాయిక మధ్యాహ్నం 12 గంటలకు తలుపు తీసి చూస్తుంది.

యంత్రం ఉందన్న ఒక్క అబద్ధం తప్ప మిగతా అంతా భౌతికశాస్త్రానికి లోబడి ఉండాలని నా పట్టుదల. ఆమెకు సరిగ్గా ఏం కనిపిస్తుంది? గ్లాసు పగలకముందే తీసేస్తే ఏమవుతుంది? రెండో భాగంలో చంద్రుడి మీద ఇలాంటిదే ఇంకో గది పెట్టి రెండింటినీ జత చేస్తాను, అక్కడ దేనికి జాగ్రత్తపడాలి? కరెంటు ఎంత లాగుతుందని రాయాలి?

క్వార్కు77:

ముందు 'ఒకేసారి ఉనికిలోకి' అన్నది ఎలాగో తేల్చుకోండి. తేల్చకపోతే ఆమె తలుపు దగ్గరికి వచ్చేలోపే కథ అయిపోతుంది.

క్షణాలను నిజంగానే ఒకదాని మీద ఒకటి పేరిస్తే వాటిలోని పదార్థమూ పేరుకుంటుంది. గది 27 ఘనపు మీటర్లు. మామూలు గాలి ఘనపు మీటరుకు 1.2 కిలోలు వేసుకున్నా గదిలో 32 కిలోల పైచిలుకు గాలి. సెకనుకు ఒక్క పొర చొప్పున రోజుకు 86,400 పొరలు. అంటే ఘనపు మీటరుకు 1,03,680 కిలోలు. మూలకాలన్నింటిలో సాంద్రమైన ఆస్మియం లోహం కూడా 22,600 దగ్గరే ఆగుతుంది. వాయు సూత్రం ప్రకారం మామూలు గాలి పీడనానికి 86,400 రెట్లు అని వస్తుంది గానీ, ఆ ఒత్తిడిలో ఆ సూత్రమే చెల్లదు, అసలు పీడనం ఇంకా ఎక్కువ. మీ ఉక్కు గోడ దీనికి అడ్డే కాదు.

పైగా సెకనుకు ఒకటి అన్నది నేను దయతలచి వేసిన లెక్క. సెకనులో వెయ్యోవంతుకు ఒక పొర అంటే వెయ్యి రెట్లు పెరుగుతుంది. ఇంతకంటే సన్నగా కోయకూడదనే హద్దు మనకు తెలిసిన శాస్త్రంలో లేదు కాబట్టి, కూడిక ఎక్కడా ఆగదు.

పొరలు ఎన్నైనా సరే, లెక్క తప్పే ఇంకో చోటు వేడి. ఊరికే కూర్చున్న మనిషి ఒంటి నుంచి దాదాపు 100 వాట్లు వెలువడతాయి. రోజు మొత్తానికి 86.4 లక్షల జౌళ్లు. అది ఒక్కసారిగా విడుదలైతే రెండు కిలోల టీఎన్‌టీ పేలినట్టు. ఒక్క మనిషి వేడే అంత, దీపం సంగతి ఇంకా లెక్కలో వేయలేదు.

కాబట్టి యంత్రం క్షణాలను కూడకూడదు, సగటు చేయాలి. ప్రతి క్షణానికి దాని వ్యవధిని బట్టి వాటా. అప్పుడు గాలి 32 కిలోలే, వేడి 100 వాట్లే. మిగతా ప్రశ్నలన్నీ ఈ ఒక్క నిర్ణయం మీదే నిలబడతాయి.

సగంచీకటి:

సగటు అన్నది ఒప్పుకుంటే మొదటి ప్రశ్నకు జవాబు ఫొటోగ్రఫీలో ఉంది. ఇది 24 గంటల ఎక్స్‌పోజర్, అంటే కెమెరా కన్ను రోజంతా తెరిచి ఉంచి తీసిన ఒకే ఫొటో, అంతే. (కూడిక అయితే 300 లక్స్ వెలుతురున్న గది 2.59 కోట్ల లక్స్ అవుతుంది. మిట్టమధ్యాహ్నపు ఎండే లక్ష లక్స్. ఆమెకు కళ్లు మిగలవు.)

సగటులో ఒక వస్తువు ఎంత చిక్కగా కనిపిస్తుందో అది ఆ చోట ఎంతసేపు ఉందన్నదాన్ని బట్టి ఉంటుంది. మంచం, బల్ల రోజంతా కదలవు కాబట్టి నూటికి నూరు శాతం. గదిలో నిమిషం నిలబడి వెళ్లిన మనిషి వాటా 1440లో 1, అంటే 0.07 శాతం. మామూలు వెలుతురులో మన కన్ను పసిగట్టే తేడా దాదాపు 1 శాతం. 1440లో 1 శాతమంటే 14.4 నిమిషాలు. ఒకే చోట, ఒకే భంగిమలో పావుగంట లేకపోతే ఆ మనిషి లేనట్టే. నడిచేవాళ్లు బొత్తిగా కనిపించరు. ఫొటోగ్రఫీ ఆద్యుల్లో ఒకడైన డాగేర్ 1838లో పారిస్ వీధికి తీసిన ఫొటోలో జరిగింది ఇదే: రద్దీ వీధి ఖాళీగా పడింది, బూట్లు పాలిష్ చేయించుకుంటూ నిలబడిన మనిషి ఒక్కడూ దొరికాడు.

సినిమాల్లోలాగా ఒకే మనిషి పది నీడలుగా గదంతా తిరగడం రాయకండి. అలా కనిపించాలంటే ఆ మనిషి పది చోట్ల పావుగంట చొప్పున బొమ్మలా నిలబడి ఉండాలి. మంచం మీద ఎనిమిది గంటలు పడుకున్న మనిషి మాత్రం 33 శాతం చిక్కదనంతో, కింద దుప్పటి మడతలు కనిపించేంత పలచగా కనిపిస్తాడు.

గ్లాసు మార్చండి. గాజు ఒక్కో తలం దగ్గర 4 శాతం వెలుగునే తిప్పికొడుతుంది. 9 నుంచి 3 దాకా ఆరు గంటలు, అంటే 25 శాతం వాటా. రెండూ గుణిస్తే 1 శాతం, కంటి హద్దు మీదే ఉంది. అంచులు కాస్త మెరుస్తాయేమో. తెల్ల బల్ల మీద ముదురు ఎరుపు పింగాణీ కప్పు పెట్టండి, లెక్క సాఫీగా నడుస్తుంది.

అడ్డగీత:

సగంచీకటి గారి లెక్కలో ఒక చిక్కుంది. పడుకున్న మనిషి 33 శాతం కనిపించాలంటే రాత్రంతా దీపం వెలుగుతుండాలి. దీపం ఆర్పి పడుకుంటే ఆ గంటల నుంచి వెలుగే రాదు, సున్నా ఎన్ని గంటలున్నా సున్నాయే. రాత్రి 10 నుంచి ఉదయం 6 దాకా చీకటి అనుకుంటే గది మొత్తం వెలుగు మూడో వంతు తగ్గుతుంది, పడుకున్న మనిషి అసలు కనిపించడు, మంచం ఖాళీగా ఉంటుంది. వాటాలను 24తో కాదు, వెలుగున్న 16 గంటలతో భాగించాలి. కంటి హద్దు కూడా 14.4 నిమిషాల నుంచి 9.6 నిమిషాలకు దిగుతుంది.

ఇప్పుడు కప్పు చూడండి. బల్ల మీద ఆరు గంటలు: 16లో 6, అంటే 37.5 శాతం. నేల మీద ముక్కలు 3 నుంచి 10 దాకా, ఏడు గంటలు: దాదాపు 44 శాతం. 12 గంటలకు తలుపు తీసిన ఆమెకు నిండు కప్పు కంటే పగిలిన ముక్కలే చిక్కగా కనిపిస్తాయి. పడుతున్న కప్పు మాత్రం ఎక్కడా ఉండదు. 75 సెంటీమీటర్ల బల్ల మీద నుంచి నేలను చేరడానికి 0.4 సెకను పడుతుంది, అది ఏ లెక్కకూ రాదు.

ఇంకొకటి, సగటులో క్రమం ఉండదు. వ్యవధులే మిగులుతాయి. కప్పు ముందా, ముక్కలు ముందా అన్నది ఆ దృశ్యంలో ఎక్కడా రాసి ఉండదు. ముక్కలు వాటంతట అవి కలిసి కప్పు కావని ఆమెకు తెలుసు కాబట్టి ఊహిస్తుంది. అదే మంచం ఉదయం ఎడమ గోడ దగ్గర, సాయంత్రం కుడి గోడ దగ్గర ఉంటే ఏది ముందో ఎవరూ చెప్పలేరు. కథలో మలుపు కావాలంటే ఇక్కడ దాచుకోవచ్చు.

శబ్దం గురించి ఎవరూ అడగలేదు గానీ, అక్కడా పప్పులో కాలు వేసే చోటుంది. గాలి పీడనం పైకీ కిందికీ ఊగుతుంది కాబట్టి సగటులో రద్దవుతుంది. ఒకదానితో ఒకటి సంబంధం లేని 86,400 ముక్కలను సగటు చేస్తే శబ్దం 49 డెసిబెల్స్ పడిపోతుంది. 60 డెసిబెల్స్ మాటలు 11కి దిగుతాయి. అంటే గది మూగది. అదే కూడిక అయితే 49 పెరిగి 109 అవుతుంది, చెవులు పోతాయి. వెలుగు కూడా తరంగమే కదా అని ఎవరైనా పట్టుకుంటారు. యంత్రం వెలుగు తరంగాన్ని కాకుండా తీవ్రతను సగటు చేస్తుందని ఒక్క వాక్యం ముందే రాసి పెట్టుకోండి.

పెన్నుమూత:

ముక్కలే ఎక్కువ చిక్కగా కనిపించడం బాగుంది, కథ అటే తిప్పుతాను. దీపం రాత్రి 10కి ఆర్పుతారని ఖాయం చేశాను, కప్పూ మార్చాను. కానీ అసలు గొడవ అలాగే ఉంది. 12కి ముక్కలు చూసింది. వెంటనే కప్పు తీసి బయటికి పట్టుకుపోతే?

గడియారంముల్లు:

ఈ చిక్కు విడదీయాలంటే మీ మొదటి పోస్టు నుంచి రావాలి. 'మీట నొక్కితే క్షణాలన్నీ ఉనికిలోకి వస్తాయి' అన్నారు. మీట నొక్కింది 12కి. 11 గంటల క్షణం కూడా ఆ 'అన్నీ'లో ఉంది. మరి 11కి గదిలో ఉన్న మనిషికి అన్నీ కలిసి కనిపించాయా, లేదా? కనిపించలేదంటే యంత్రానికి ముందు, యంత్రం తర్వాత అని ఇంకో కాలం దొడ్డిదారిన లోపలికి వచ్చింది. ఈ రకం కథలు చాలావరకు ఇక్కడే బోల్తా కొడతాయి.

బయటపడే దారి: క్షణాలను యంత్రం ఉనికిలోకి తేవడం లేదు, అవి ముందే ఉన్నాయి. యంత్రం చేసేది చూపించడం మాత్రమే. దీనికి ఆధారం గట్టిదే. 1905లో ఐన్‌స్టీన్ 'ఇప్పుడు' అన్నది చూసేవాడి వేగాన్ని బట్టి మారుతుందని తేల్చాడు. 1908లో గణితవేత్త మిన్‌కోవ్‌స్కీ కాలాన్ని స్థలంతో కలిపి నాలుగు పరిమాణాల ఒకే నిర్మాణంగా చూపించాడు. 1966లో రీట్‌డైక్, 1967లో తత్వవేత్త పుట్నమ్ దీన్నుంచే జరిగినవీ జరగబోయేవీ సమానంగా ఉన్నట్టేనని వాదించారు. వాదనను ఒప్పుకోని తత్వవేత్తలు ఉన్నారు, కథకు ఆ పంచాయితీ అక్కర్లేదు. తేడా ఎంత పెద్దదో చూడాలంటే ఆండ్రోమెడా గెలాక్సీ లెక్క వేయండి. దూరం 25 లక్షల కాంతి సంవత్సరాలు. సెకనుకు 1.5 మీటర్ల చొప్పున అటువైపు నడిచే మనిషి 'ఇప్పుడు'కీ, పక్కనే నిలబడ్డ మనిషి 'ఇప్పుడు'కీ ఆ గెలాక్సీలో నాలుగున్నర రోజుల తేడా.

ఇక కప్పు. క్షణాలన్నీ ముందే ఉన్నాయంటే మార్చడం అనేది లేదు. 12కి 44 శాతం ముక్కలు కనిపించాయంటే వెలుగున్న ఏడు గంటలు ముక్కలు ఆ నేల మీద ఉన్నాయి, అంతే. ఆమె కప్పు తీసుకుపోవచ్చు. కానీ అప్పుడు బల్ల మీది కప్పు వాటా మొదటే 16లో 3, అంటే 19 శాతంగా కనిపించి ఉండాలి, 37.5 కాదు. నేల మీది ముక్కలు వేరే కప్పువై ఉండాలి. ముక్కలను సాయంత్రం 5కే ఊడ్చేస్తే 12.5 శాతమే కనిపించి ఉండాలి. ఆమె చూసిన శాతాలే ఆ తర్వాత ఏం జరుగుతుందో కట్టిపడేస్తాయి. మీరు ముందు శాతాలు రాసేసి తర్వాత మనసు మార్చుకుంటే పాఠకుడు కాలిక్యులేటర్ తీస్తాడు.

భౌతికశాస్త్రవేత్త నోవికోవ్ పేరుతో తిరిగే నియమం ఇదే: తనతో తనకు పొసగని సంఘటన జరగదు. ఇది కథను చప్పగా చేస్తుందని భయపడక్కర్లేదు. 1991లో భౌతికశాస్త్రవేత్త కిప్ థార్న్, మరో ఇద్దరు బిలియర్డ్ బంతి మీద లెక్క వేశారు: బంతి వార్మ్‌హోల్‌లో (స్థలకాలంలో రెండు చోట్లను కలిపే ఊహాత్మక సొరంగంలో) దూరి గతంలోకి వచ్చి తననే గుద్దుకుంటే ఏమవుతుందని. పొసిగే పరిష్కారం దొరక్కపోవడం కాదు వాళ్లకు ఎదురైన సమస్య, ఒకే మొదలుకు లెక్కలేనన్ని పొసిగే పరిష్కారాలు దొరకడం. మీ చేతిలో ఉన్న స్వేచ్ఛ అది.

రాసేటప్పుడు ఇలా చేయండి. గళ్ల కాగితం మీద అడ్డంగా గది గడియారం, 0 నుంచి 24. నిలువుగా ఒక్కో వస్తువుకు ఒక్కో వరస: కప్పు, ముక్కలు, దీపం, తలుపు, ఒక్కో మనిషి. ప్రతి వస్తువుకూ ఎడమ నుంచి కుడికి తెగకుండా ఒకే గీత గీయాలి. కప్పు గీత 15 దగ్గర (మధ్యాహ్నం 3) ఆగితే ముక్కల గీత అక్కడే మొదలవ్వాలి, రెండింటి బరువూ ఒకటే ఉండాలి. దీపం వరసలో చీకటి గంటలను నల్లగా కొట్టేయండి, ఆ గళ్లను వాటాల్లో లెక్కపెట్టకూడదు. చివర్న ప్రతి గీత పొడవునూ వెలుగున్న గళ్లతో భాగిస్తే కనిపించే శాతం వస్తుంది. ఆమెకు ఏం తెలుసో, ఏ గంటకు తెలిసిందో మాత్రం వేరే కాగితం మీద పెట్టుకోండి, అది వస్తువుల గీతల్లో కలిస్తే గందరగోళమే.

చేయకూడనిది ఒకటి: సాయంత్రం రాసిన చీటీ ఉదయానికి చేరి, అదే చీటీని సాయంత్రం మళ్లీ పంపడం. తిరిగొచ్చే చీటీ మొదటి చీటీతో మడత దగ్గరి నలుగు, వేలిముద్ర జిడ్డు సహా ఒకేలా ఉండాలి. కాగితం ప్రతి చుట్టుకూ అరుగుతుంది కాబట్టి పొసగదు. వస్తువులను చుట్టు తిప్పొద్దు.

చంద్రుడి గది: ఒకే గదిలో 'ఇప్పుడు' తేడా పట్టించుకోనక్కర్లేదు, మూడు మీటర్లు దాటడానికి వెలుగుకు 10 నానోసెకండ్లు చాలు. 3,84,400 కిలోమీటర్లంటే మాత్రం వెలుగుకే 1.28 సెకను. దానికి తోడు, భూమిని స్థిరంగా తీసుకున్న 'ఇప్పుడు'కీ సూర్యుణ్ని స్థిరంగా తీసుకున్న 'ఇప్పుడు'కీ చంద్రుడి దగ్గర దాదాపు 130 మైక్రోసెకండ్ల దాకా తేడా వస్తుంది, ఎందుకంటే భూమి సెకనుకు 30 కిలోమీటర్ల వేగంతో పోతోంది. రెండు గదులూ ఏ లెక్క వాడతాయో ముందే ఒకటి ఖాయం చేయండి. సౌరమండల ద్రవ్యకేంద్రాన్ని తీసుకుంటే నయం. గడియారాలు కూడా కలిసి నడవవు. చంద్రుడి మీది గడియారం రోజుకు దాదాపు 56 మైక్రోసెకండ్లు ముందుకు పోతుంది. జీపీఎస్ ఉపగ్రహాల్లో ఇలాంటిదే 38 మైక్రోసెకండ్లు. దిద్దకుండా వదిలేస్తే రోజుకు 11 కిలోమీటర్ల దూరపు తప్పు పేరుకుంటుంది. 24 గంటల సగటులో మైక్రోసెకండ్లు కంటికి ఆనవు గానీ, రెండు గదుల మధ్య సంకేతాలు నడిపితే ఆనతాయి.

మరో మేలైన హద్దు: వార్మ్‌హోల్ కాలయంత్రాల లెక్కలో యంత్రం తయారు కాకముందు కాలానికి వెళ్లడం కుదరదు. సమకాలికీ అదే పెట్టండి. 'మరి ఐన్‌స్టీన్ పుట్టిన రోజు చూడొచ్చు కదా' అనే ప్రశ్న మొదట్లోనే పోతుంది.

క్వార్కు77:

కరెంటు సంగతి మిగిలింది. యంత్రం దృశ్యాన్ని డేటాగా నిలవ చేస్తుందనుకుంటే: గదిని ఒక్కో మిల్లీమీటరు ఘనాలుగా కోస్తే 2,700 కోట్ల ఘనాలు. ఒక్కోదానికి మూడు బైట్లు, సెకనుకు 25 సార్లు. రోజుకు దాదాపు 175 పెటాబైట్లు (ఒక పెటాబైటు అంటే పది లక్షల గిగాబైట్లు). మర్నాటికి చోటు కోసం దీన్ని చెరపడానికి, భౌతికశాస్త్రవేత్త లాండౌర్ 1961లో చెప్పిన కనీస శక్తి ప్రకారం 27 డిగ్రీల దగ్గర పట్టేది 0.004 జౌళ్లు. నవ్వొస్తుంది గానీ సిద్ధాంతం అంతే అంటుంది; నిజమైన డిస్కులకు దీనికి ఎన్నో కోట్ల రెట్లు కావాలి. అయితే నిలవ చేసే యంత్రం మధ్యాహ్నం 12కి 3 గంటల ముక్కలను చూపించలేదు. భవిష్యత్తు కావాలంటే నిలవ దారి మూసుకుపోయినట్టే. అందుకని వాట్ల అంకె రాయకండి. మీ ఒక్క అబద్ధాన్ని అక్కడ ఖర్చు పెట్టండి, వేడి బయటికి వచ్చేది మాత్రం 100 వాట్లు దాటకుండా చూసుకోండి.

అడ్డగీత:

భాష గురించి ఒక ముక్క. తలుపు దృశ్యాన్ని 'పగిలింది', 'పగులుతోంది' అని రాస్తే ప్రతి వాక్యం ఒక క్రమాన్ని మోసుకొస్తుంది. మన వ్యాకరణంలో తద్ధర్మం (ఎప్పుడూ జరిగేదాన్ని చెప్పే క్రియారూపం) ఉందిగా, అది వాడండి. 'కప్పు బల్ల మీద ఉంటుంది. ముక్కలు నేల మీద ఉంటాయి. మంచం మీద ఎవరూ ఉండరు.' ఇవి జరగబోయేవో ఎప్పుడూ ఉండేవో రూపాన్ని బట్టి తేలదు, మీకు కావలసింది అదే. పేజీకి మించి లాగితే మాత్రం వంటల పుస్తకం చదివినట్టు ఉంటుంది. ఆమె తలుపు మూయగానే మామూలు భూతకాలంలోకి వచ్చేయండి.

సగంచీకటి:

తలుపు అన్నారు కాబట్టి గుర్తొచ్చింది. 12కి తలుపు తీసి నిలబడ్డ రెండు నిమిషాలు కూడా ఆ రోజులోవే. గళ్ల కాగితంలో తలుపు వరసకు ఆ రెండు నిమిషాలు వేయడం మరవకండి. 960 నిమిషాల్లో 2 అంటే 0.2 శాతం, వరండా వెలుగు లోపల పడినా తెలియదు. గుమ్మంలో తనను తాను చూసుకున్నట్టు రాయాలనుంటే రెండు నిమిషాలు చాలవు. కనీసం పది నిమిషాలు కదలకుండా నిలబడాలి, అదీ వెనక తెల్లగోడ, ఒంటి మీద నల్లబట్టలు ఉంటేనే. బూడిద రంగు బట్టలు వేస్తే గోడకూ బట్టకూ తేడా సగానికి పడుతుంది, నిలబడాల్సింది ఇరవై నిమిషాలు.